పొసోలే: సున్నంతో మొదలయ్యే కుండ

మెక్సికో దక్షిణాన ఉన్న గెర్రేరో రాష్ట్రంలో గురువారం వచ్చిందంటే పొసోలే తినాలి. ఆ రోజు హోటళ్లలో పెద్ద కుండలు పొయ్యెక్కుతాయి, ఆఫీసులు వదలగానే బల్లలు నిండిపోతాయి. మిగతా దేశంలో దానికి అసలైన రోజు సెప్టెంబరు 15. స్వాతంత్ర్య వేడుకల రాత్రి చాలా ఇళ్లలో ఇదే భోజనం. పుట్టినరోజులకు, పెళ్లిళ్లకు, క్రిస్మస్‌కు కూడా వండుతారు. కొలతలన్నీ పది మందికి సరిపోయేలానే ఉంటాయి. ఒక్కరి కోసం పొసోలే పెట్టుకునేవాళ్లు అరుదు.

చూడ్డానికి ఇది పంది మాంసం, లావుపాటి మొక్కజొన్న గింజలు కలిసి ఉడికిన పులుసు. కొత్తవాళ్ల కళ్లు ముందు మాంసం మీదికే పోతాయి. కానీ పంది ఆ కుండలోకి ఆలస్యంగా వచ్చింది. 16వ శతాబ్దంలో స్పెయిన్ వాళ్లు తెచ్చేదాకా మెక్సికోకు ఆ జంతువే తెలియదు. మొక్కజొన్న మాత్రం అక్కడే పుట్టింది. గెర్రేరో గుండా పారే బల్సాస్ నది లోయలో సుమారు 9,000 ఏళ్ల కిందట తెయోసింతే అనే అడవి గడ్డిని సాగుచేస్తూ దాన్ని పంటగా మలిచారు. పొసోలే గొప్పతనం తెలియాలంటే మాంసం పక్కన పెట్టి ముందు ఆ గింజకు చేసే పని చూడాలి.

సంప్రదాయంగా వాడేది కకావసింత్లే రకం. తొలూకా లోయ లాంటి ఎత్తైన ప్రాంతాల్లో పండే ఈ తెల్ల గింజ బొటనవేలి గోరంత వెడల్పు ఉంటుంది, లోపలంతా మెత్తటి పిండి. అర కిలో ఎండు గింజలకు రెండు లీటర్ల నీళ్లు, ఐదారు గ్రాముల తినే సున్నం తీసుకుంటారు. సున్నం నీళ్లలో కరిగించి, గింజలు వేసి, సన్నటి సెగ మీద అరగంట ఉంచుతారు. గింజ పసుపు రంగుకు తిరిగి, వేళ్లతో నలిపితే పైపొట్టు జారిపోతుంటే దింపే సమయం వచ్చినట్టు. మూతపెట్టి రాత్రంతా అలాగే వదిలేస్తారు.

మర్నాడు నీళ్లు మారుస్తూ, పొట్టంతా పోయేదాకా చేతులతో రుద్ది కడుగుతారు. ఆ తర్వాతిది ఓపిక పని. కంకికి అతుక్కునే చోట ప్రతి గింజకూ గట్టి ముక్కు ఉంటుంది. దాన్ని గోటితోనో చిన్న కత్తితోనో ఒక్కొక్కటిగా తీసేస్తారు. పొట్టూ ముక్కూ పోయిన గింజలో పిండి ఉబ్బడానికి అడ్డుండదు కాబట్టి, మంచినీళ్లలో రెండు మూడు గంటలు ఉడికేసరికి అది పువ్వులా విచ్చుకుంటుంది. పొసోలే బాగా కుదిరిందో లేదో ఆ విచ్చుకోవడంలోనే తెలుస్తుంది. గింజ గట్టిపడుతుందని విచ్చేదాకా ఉప్పు వేయరు.

సున్నం పొట్టు తీయడంతో ఆగదు. మొక్కజొన్నలో నియాసిన్ అనే విటమిన్ ఉన్నా, ఎక్కువ భాగం మన శరీరానికి అందని రూపంలో బంధించి ఉంటుంది. క్షార గుణమున్న సున్నం ఆ బంధాన్ని విడగొడుతుంది, గింజకు కాల్షియాన్నీ కలుపుతుంది. నిక్స్తమాలీకరణ అనే ఈ పద్ధతి మధ్య అమెరికా ప్రజలకు మూడు వేల ఏళ్లకు పైగా తెలుసు. రొట్టెకైనా పులుసుకైనా వాళ్లు గింజను సున్నపు నీళ్లలో ఉడికించాకే వాడేవారు.

కొలంబస్ తర్వాత మొక్కజొన్న సముద్రాలు దాటింది, సున్నం మాత్రం వెంట వెళ్లలేదు. మొక్కజొన్నే ముఖ్యాహారమైన చోటల్లా పేదలకు ఒక కొత్త జబ్బు పట్టుకుంది. చర్మం కమిలిపోవడం, విరేచనాలు, చివరికి మతి చలించడం దాని లక్షణాలు. స్పెయిన్ వైద్యుడు గాస్పర్ కసాల్ 1735లో దీన్ని వర్ణించాడు. తర్వాత ఇటలీ రైతులనూ, 20వ శతాబ్దం మొదట్లో అమెరికా దక్షిణ రాష్ట్రాల కూలీలనూ పీడించిన పెల్లాగ్రా ఇదే. ఇది అంటువ్యాధి కాదని, తిండి లోపమని వైద్యుడు జోసెఫ్ గోల్డ్‌బర్గర్ 1914 తర్వాత చేసిన పరిశోధనలతో తేల్చాడు. 1937లో శాస్త్రవేత్త కాన్రాడ్ ఎల్వెజెమ్ కుక్కల్లో దీనికి సమానమైన జబ్బును నియాసిన్ నయం చేస్తుందని చూపించడంతో పెల్లాగ్రాకు మందేమిటో తేలింది.

ఈ కథలో హైదరాబాదుకూ చోటుంది. దక్కన్‌లో జొన్నలే ఆధారంగా బతికే పేదల్లో పెల్లాగ్రా కనిపించడంతో, తర్వాత జాతీయ పోషకాహార సంస్థగా పేరు మారిన పరిశోధనాలయంలో సి.గోపాలన్, ఎస్.జి.శ్రీకాంతియా దాని వెంటపడ్డారు. జొన్నలో ఎక్కువగా ఉండే లూసిన్ అనే అమైనో ఆమ్లం ఇందుకు కారణం కావచ్చని 1960లో ప్రతిపాదించారు. దాని మీద శాస్త్రవేత్తల మధ్య చాలాకాలం వాదాలు నడిచాయి. ఒకే గింజ మీద బతికేవాళ్లకు ఆ గింజను వండే తీరు ప్రాణం మీదికి వచ్చే విషయమని మాత్రం ఈ చరిత్ర అంతా చెబుతుంది.

ఇక మాంసం. అర కిలో మొక్కజొన్నకు కిలోన్నర పంది మాంసం పడుతుంది. భుజం కండ ఒక్కటే వేస్తే పులుసు పలచగా మిగులుతుంది. కాళ్లు, ఎముకలు, దొరికితే తల భాగం కలిస్తే వాటి జిగురు దిగి చిక్కదనం వస్తుంది. వెల్లుల్లి గడ్డ, ఉల్లిపాయ వేసి, తేలే నురగ తీసేస్తూ, మాంసం ఎముక నుంచి ఊడేదాకా మెల్లగా ఉడికించాలి. విచ్చిన గింజల్ని ఇందులో కలిపి, ఉప్పు సరిచూసి మరో అరగంట ఉంచితే తెల్ల పొసోలే సిద్ధం.

మిగతా రంగులకు ఇదే పునాది. హలీస్కో, సినలోవా వైపు ఎరుపు ఇష్టం. ఆరు గ్వాహీయో, మూడు ఆంచో ఎండుమిరపకాయల గింజలు దులిపి, పెనం మీద వాసన వచ్చేదాకా మాత్రమే వేడిచేయాలి. నల్లబడితే కుండంతా చేదెక్కుతుంది. వేడినీళ్లలో నానబెట్టి, వెల్లుల్లితో రుబ్బి, వడగట్టి, కాస్త పందికొవ్వులో వేయించి పులుసులో కలుపుతారు. గెర్రేరో ఆకుపచ్చకు ప్రసిద్ధి. వేయించిన గుమ్మడి గింజలు, పుల్లటి టొమాటిల్లో కాయలు, పచ్చిమిర్చి, ఎపసోతే లాంటి ఆకులు రుబ్బి పోస్తారు.

వడ్డించాక కూడా వంట అయిపోదు. సన్నగా తరిగిన క్యాబేజీ లేదా లెట్యూస్, ముల్లంగి చక్రాలు, ఉల్లి ముక్కలు, ఎండు ఒరెగానో, నిమ్మకాయ, మిరప్పొడి, తోస్తాదాలనే కరకరలాడే మొక్కజొన్న రొట్టెలు బల్ల మీద విడివిడిగా ఉంటాయి. గెర్రేరోలో అవకాడో, వేయించిన పంది చర్మం కూడా చేరతాయి. ఎవరి గిన్నె వాళ్లే కూర్చుకుంటారు. వేడి పులుసులో పచ్చి కూరల కరకర, నిమ్మ పులుపు తగిలితేనే కొవ్వు బరువు తేలికవుతుంది.

అమెరికాలోని తెలుగువాళ్లకు మెక్సికన్ దుకాణాల్లో ఎండు కకావసింత్లే, సున్నం, మిరపకాయలు దొరుకుతాయి. డబ్బాల్లో ఉడికించిన గింజలూ ఉంటాయి. వాటిని కడిగి చివర్లో వేసుకుంటే గంటన్నరలో పనైపోతుంది, కానీ పులుసులో గింజ రుచి పెద్దగా దిగదు. మన ఊళ్లలో ప్రయత్నిస్తే తెల్ల మొక్కజొన్న వెతకండి. పసుపు గింజ మెత్తబడుతుంది కానీ అంతగా విచ్చుకోదు. సున్నం తినడానికి పనికొచ్చేదే కావాలి, గోడలకు వేసేది కాదు. మిర్చికి గుంటూరు రకం కన్నా బ్యాడిగి నయం, ఇక్కడ కావలసింది రంగూ రుచీ కాబట్టి. పంది మాంసం తినని ఇంట్లో కోడి వేసుకోవచ్చు, మెక్సికోలోనూ అలా చేస్తారు. ఇలా మాంసం మారినా, రంగు మారినా అది పొసోలేనే. సున్నపు నీళ్లలో గింజ గడిపే ఆ ఒక్క రాత్రిని వదిలేస్తే మాత్రం మిగిలేది మొక్కజొన్న వేసిన మాంసం పులుసు.