ఆన్ కోట్స్ చిత్రకూర్పు - శైలీ నిర్ణయము

చలనచిత్ర విమర్శలో కథకును, దర్శకత్వమునకును గల స్థానము కూర్పునకు లేదు. ఉన్నచోటను అది యొక్క కత్తిరింపు ప్రశంసతో ముగియుచున్నది. ఆంగ్లదేశపు ఎడిటర్ ఆన్ వి. కోట్స్ (1925-2018) విషయమున జరిగినది ఇదియే.

1962 నాటి 'లారెన్స్ ఆఫ్ అరేబియా'లో నాయకుడు మండుచున్న అగ్గిపుల్లను ఊది యార్పగనే తెరపై ఎడారి దిగంతమును, పిదప సూర్యోదయమును గోచరించును. రచనలో ఈ దృశ్యములు క్రమముగా ఒకదానిలో నొకటి కరగి కలియవలెనని యుండెను. కూర్పువేళ రెండు తునకలను వరుసగా చూచినప్పుడు సూటి కత్తిరింపే మేలని ఆమెయు, దర్శకుడు డేవిడ్ లీనును గ్రహించిరి. కైరో నుండి ఎడారికి గల ప్రయాణమంతయు ఇచట ధ్వనిమాత్రమే. ఈ చిత్రము ఆమెకు ఆస్కార్ బహుమతి తెచ్చినది.

అయినను ఈ గ్రహింపులో ఎవరి పాలెంతయో విడదీయుట కష్టము. కావున ఎడిటర్ శైలిని నిర్ణయింప భిన్న దర్శకుల చిత్రములను పోల్చి చూడవలెను. స్టీవెన్ సోడర్‌బర్గ్ దర్శకత్వమున 1998లో వెలువడిన 'ఔట్ ఆఫ్ సైట్'ను ఆమె డెబ్బదియేండ్లు దాటిన పిదప కూర్చెను. అందలి ప్రణయఘట్టమున పానశాల సంభాషణయు, తరువాతి ఏకాంతమును పెనవేసికొన్నవి. మాట ముగియకమునుపే దాని ఫలము కనబడుచుండును. అచట మధ్యకాలము లోపించినది. ఇచట రెండు కాలములు కలిసినవి. పద్ధతులు వేరైనను, కాలక్రమమును భావమునకు లోబరచుట రెండింటను సమానము. ఆమె శైలి యనదగినది ఇదియే.

1952 నాటి 'ది పిక్‌విక్ పేపర్స్' మొదలు 2015 నాటి 'ఫిఫ్టీ షేడ్స్ ఆఫ్ గ్రే' వరకు సాగిన కృషిని ఒక్క అగ్గిపుల్ల వెలుగున చూచుట న్యాయము కాదు.