స్టేషన్ లేని ఏడాదిలో దిగినవాడు

ఈ వారం ఒక కథ చదివి ఒళ్ళు మండింది. రాసింది దిల్‌సుఖ్‌నగర్ హాస్టల్లో ఉంటూ గ్రూప్స్‌కి చదువుకుంటున్న అబ్బాయి. అతని కథానాయకుడు ఎల్.బి.నగర్‌లో మెట్రో ఎక్కుతాడు. విక్టోరియా మెమోరియల్, చైతన్యపురి దాటాక దిల్‌సుఖ్‌నగర్‌లో తలుపులు తెరుచుకునేసరికి బయట 2013 ఫిబ్రవరి 21 సాయంత్రం, అక్కడ బాంబులు పేలిన రోజు. ఏడు కొట్టడానికి ఇంకా కాస్త వ్యవధి ఉంది. అతను మెట్లు దిగి, పరుగెత్తి, బస్‌స్టాప్‌లో నిలబడ్డవాళ్ళందర్నీ అరిచి గోల చేసి అవతలికి పంపేస్తాడు. ఎవరూ చనిపోరు. కథ కంచికి.

కాలం ఎందుకు చిరిగిందో ఒక్క ముక్క లేదు. అదలా ఉంచినా, ఎల్.బి.నగర్ నుంచి అమీర్‌పేటకు మెట్రో నడవడం మొదలైంది 2018 సెప్టెంబరు 24న. 2013లో ఆ స్టేషనే లేదు. రైలు తలుపు తెరుచుకుంటే కాలు పెట్టడానికి ప్లాట్‌ఫామ్ ఉండదు. రోడ్డుకు అంత ఎత్తున వట్టి గాలే. మరి ఆ మనిషి దిగిన మెట్లు ఎక్కడివి?

నా పట్టింపు పాత పాఠకులకు కొత్త కాదు. కథలో కాలం విరగొచ్చు గానీ, విరిగిన చోట ఒక కట్టుబాటుండాలి. ‘ఆదిత్య 369’ని ఇక్కడ పదే పదే తలచుకునేది అందుకే. 1991లో సింగీతం శ్రీనివాసరావు గారు మనవాళ్ళను 1526 నాటి విజయనగరానికి తీసుకెళ్ళారు. తిరుగు ప్రయాణంలో వాళ్ళు సొంత కాలానికి కాక 2504కి చేరతారు. ఎక్కడ దిగితే అక్కడి గాలి, అక్కడి తిండి, అక్కడి ప్రమాదం. ఆ యంత్రం ఎలా పనిచేస్తుందని హాల్లో ఎవరూ అడగలేదు, ఎందుకంటే దిగిన చోటు నికరంగా ఉంది.

నా రెండో పట్టింపు ఇంకా గట్టిది: పోయినవాళ్ళను వెనక్కి తేకూడదు. ఇది నాకు భాగవతం నేర్పింది. నవమ స్కంధంలో కకుద్మి కథ ఉంది కదా. కూతురు రేవతికి తగిన వరుడెవరో అడుగుదామని ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్తాడు. అక్కడ గంధర్వుల పాట సాగుతోంది. మధ్యలో అడ్డుపడటం మర్యాద కాదని ఆగాడు. పాట అయ్యాక, మనసులో ఉన్న సంబంధాలు విన్నవించాడు. బ్రహ్మ నవ్వాడు. నువ్వనుకున్నవాళ్ళే కాదు, వాళ్ళ కొడుకులూ మనవలూ లేరు, వాళ్ళ గోత్రాల పేర్లు కూడా ఇప్పుడు వినపడవు, ఇరవై ఏడు మహాయుగాలు గడిచిపోయాయి అన్నాడు. ఒక్కో మహాయుగం 43,20,000 ఏళ్ళు. అంటే ఆ పాట విన్నంతసేపట్లో కింద పదకొండు కోట్ల అరవై ఆరు లక్షల నలభై వేల ఏళ్ళు.

2014లో ‘ఇంటర్‌స్టెల్లార్’ చూసొచ్చినవాళ్ళు నీళ్ళ గ్రహం మీద ఒక గంట ఇక్కడ ఏడేళ్ళని నోరెళ్ళబెట్టారు. అక్కడ కాలాన్ని సాగదీసింది కృష్ణబిలం. దాని నడిమధ్యన ఏం జరుగుతుందో సమీకరణాలు కూడా చెప్పలేవు. ఆ చోటిని అర్థం చేసుకోవడానికి పునాది వేసిన సమీకరణాల్లో ఒకటి 1955లో మన అమల్ కుమార్ రాయ్‌చౌధురి రాసింది. భాగవతం కారణం జోలికే పోలేదు. ఆగినందుకు ఏం పోయిందో మాత్రం చెప్పింది. కకుద్మి తిరిగొచ్చేసరికి ఊళ్ళో తనవాళ్ళు ఎవరూ లేరు. విష్ణుపురాణంలో ఇంకో ముచ్చట: రేవతి మరీ పొడగరి, ఆమెది పాత యుగపు ఒడ్డూ పొడవూ. బలరాముడు నాగలి కొనతో ఆమెను తన కాలానికి సరిపడేంత కిందికి దించుకున్నాడట. ఎన్ని యుగాలు దాటొచ్చిందో ఆ పిల్ల ఒంటి మీదే తెలుస్తుంది. కాలం మీద కథ రాసే ప్రతివాడూ ఆ నాగలి దగ్గర కాసేపు కూర్చోవాలి. కకుద్మి ఏడ్చి గోల పెట్టలేదు, తనవాళ్ళను తెచ్చిపెట్టమని బ్రహ్మను అడగలేదు. కూతుర్ని బలరాముడికిచ్చి బదరికి వెళ్ళిపోయాడు.

ఇదంతా ఆ అబ్బాయికి ఉత్తరంగా రాయడం మొదలుపెట్టాను. సగంలో కలం ఆగింది. కకుద్మి మనుషుల్ని కాలం తీసుకుపోయింది. వాళ్ళు తమ బతుకు తాము బతికి, పిల్లల్ని కని, వాళ్ళ పిల్లల్ని చూసి వెళ్ళారు. అందుకు ఎవరినీ నిలదీయడానికి లేదు. ఆ సాయంత్రం కోణార్క్, వెంకటాద్రి థియేటర్ల దగ్గర రెండు సైకిళ్ళకు బాంబులు కట్టి పెట్టింది కాలం కాదు, మనుషులు. పద్దెనిమిది మంది పోయారు. అక్కడ మిర్చిబజ్జీల కోసం ఆగినవాళ్ళు, 107 బస్సు కోసం చూస్తున్నవాళ్ళు, కోచింగ్ క్లాసు అయ్యి రూముకు పోతున్న పిల్లలు రోజూ ఉండేవాళ్ళే, ఇప్పటికీ ఉంటున్నవాళ్ళే. అలాంటి పిల్లల్లో ఒకడు పదేళ్ళ తర్వాత అదే పేటలో చదువుకుంటూ ఈ కథ రాశాడు. పోయినవాళ్ళకు కాలం ఇంకా మిగిలే ఉంది. దాన్ని లాక్కున్న చేతిని కథలోనైనా అడ్డుకుంటానంటే, కూడదనడానికి భాగవతం సాక్ష్యం చాలదు.

కాబట్టి రెండో పట్టింపును ఈ కథ దగ్గర పక్కన పెట్టాను. కాలం ఎందుకు చిరిగిందో కూడా చెప్పనక్కర్లేదని రాశాను. చెప్పబోతే ఆ ఏడు నిమిషాలో ఎనిమిది నిమిషాలో వ్యవధి వృథా అవుతుంది. మొదటి పట్టింపు మాత్రం వదల్లేదు. మెట్రో తీసేయాలి. చైతన్యపురి వైపు నుంచి రోడ్డు మీద నడిచి రానివ్వమన్నాను, 2013లో ఉన్న రోడ్డు మీదే, అప్పటి ట్రాఫిక్‌లోనే. ఇంకో సంగతి: బస్‌స్టాప్‌లో ఉన్నవాళ్ళను గుంపుగా రాశాడు. ఒక్కొక్కరి చేతిలో ఏముందో, ఎవరు ఎక్కడికి పోవాలో రాయమన్నాను. బస్సు వచ్చాక ఎవరు కిటికీ పక్కన కూర్చుంటారో, ఎవరు ఏ స్టాపులో దిగుతారో కూడా. ముగింపు మార్చొద్దన్నాను.