రెండు చాప్టర్లు పోతే పోనీ

దిల్‌సుఖ్‌నగర్ మెట్రో దిగి ఏ గల్లీలోకి తిరిగినా ఓ హాస్టల్, ఓ కోచింగ్ సెంటర్, ఓ స్టడీ హాల్. గ్రూప్స్‌కీ, ఎస్సై పోస్టులకీ, బ్యాంకు ఉద్యోగాలకీ పిల్లలు పొద్దస్తమానం చదువుతూనే ఉంటారు. బుర్ర వేడెక్కితే కిందికి దిగి, చాయ్ తాగుతూ రీల్స్ చూస్తారు. అదే వాళ్లకు రెస్టు.

పట్టుబట్టి నిలిపే ధ్యాస వాడేకొద్దీ అలసిపోతుందని మిచిగన్ విశ్వవిద్యాలయానికి చెందిన కాప్లాన్ దంపతులు 1989లో తమ పుస్తకంలో వివరించారు. ఆకులు, మబ్బులు మన ప్రయత్నం లేకుండానే చూపును లాగుతాయి. ఆ కాసేపట్లో ధ్యాస తేరుకుంటుంది. రీల్స్ కూడా లాగుతాయి కదా అంటారా? లాగుతాయి, కానీ వదలవు. చెట్టు వదిలేస్తుంది.

నేను వీలైనప్పుడల్లా ఎల్బీనగర్ దాటి, ఆటోనగర్ పక్కనున్న హరిణ వనస్థలి పార్కుకి వెళ్తుంటాను. ఒకప్పటి నిజాముల వేట మైదానమది. మహావీరుడి 2,500వ నిర్వాణ వత్సరం సందర్భంగా 1975లో ఆయన పేరు పెట్టారు. 3,758 ఎకరాలు. విజయవాడ హైవే మీది లారీల మోత లోపలికీ వినిపిస్తుంది. ఫోన్ సంచిలో పెట్టేసినా కాసేపు ఇంటి లెక్కలే బుర్రలో తిరుగుతాయి. ఈలోగా ఎండుగడ్డిలో కృష్ణజింకల మంద. మగదానికి మెలితిరిగిన కొమ్ములు, నల్లటి వీపు, తెల్లటి పొట్ట. మనం ఆగితే అవీ తలెత్తి చూస్తాయి. కదలకుండా ఉంటే కాసేపటికి మళ్లీ మేతలో పడతాయి.

ఓ గంట అలా వెళ్లి రమ్మని గ్రూప్-2కి చదివే ఓ కుర్రాడితో అంటే, "గంట పోతే రెండు చాప్టర్లు పోయినట్టే సార్" అన్నాడు. 2008లో బెర్మన్ బృందం ప్రచురించిన ప్రయోగం గురించి చెప్పాను. 7, 3, 9 అంటే 9, 3, 7 అని వెనక నుంచి అప్పజెప్పాలి. చెట్ల మధ్య నడిచొచ్చిన వాళ్లు మునుపటికన్నా బాగా చెప్పారు. ఊరి రోడ్ల మీద నడిచిన వాళ్లలో అంత మార్పు లేదు. జనవరి చలిలో తిట్టుకుంటూ నడిచిన వాళ్లకూ ఫలితం దక్కింది.

"అయితే మూడ్ లేకపోయినా వెళ్లాలా సార్?"

వెళ్లాలి బాబూ. టైంటేబుల్‌లో రివిజన్ పక్కనే రాసుకో. మూడ్ కోసం చూస్తే, అది పరీక్ష అయ్యాకే వస్తుంది.