కోచ్ మాట ఎవరితో? రెండు జిమ్నాస్టిక్స్ డాక్యుమెంటరీలు

తెలియని ఆటను ప్రేక్షకుడికి ఎవరు వివరించాలి? డాక్యుమెంటరీలు ఈ పనిని సాధారణంగా వ్యాఖ్యాతకో, కెమెరా ముందు కూర్చున్న నిపుణుడికో అప్పగిస్తాయి. జిమ్నాస్టిక్స్‌లో ఆ నిపుణుడు తరచు శిక్షణ ఇచ్చిన వ్యక్తే అవుతాడు. ఆయన వివరిస్తున్నది ఆటనా, తన పద్ధతినా? ఈ భాగం చదువుతున్నంతసేపూ ఆ ప్రశ్నను గుర్తుంచుకోండి.

బోనీ కోహెన్, జాన్ షెంక్‌ల 'అథ్లెట్ ఏ' (2020) అమెరికా జట్టు వైద్యుడు లారీ నాసర్ బాలికలపై జరిపిన లైంగిక అత్యాచారాల గురించిన చిత్రం. అందులో గేజా పోజర్ కనిపిస్తాడు. రొమేనియాలో కారోలీ దంపతులతో కలిసి పనిచేసిన కొరియోగ్రాఫర్ ఆయన. 1981లో వాళ్లతో పాటే అమెరికాలో ఉండిపోయాడు. చిన్నపిల్లలను భయపెట్టి లొంగదీసే పద్ధతిని ఆయన నేరుగా మనకు చెబుతాడు. లోపలి మనిషి కాబట్టి ఆ మాటకు బలం ఉంది. అయితే, అప్పుడు ఆయన ఏం చేశాడన్న సందేహం కూడా వెంటనే కలుగుతుంది.

పోలండ్ దర్శకురాలు మార్తా ప్రుస్ తీసిన 'ఓవర్ ది లిమిట్' (2017) దీనికి పూర్తిగా భిన్నమైనది. ఇందులో ఇంటర్వ్యూలు లేవు, వ్యాఖ్యానం లేదు. రష్యా రిథమిక్ జిమ్నాస్ట్ మార్గరీటా మామూన్ 2016 రియో ఒలింపిక్స్‌కు సిద్ధమవుతుంటే కెమెరా పక్కనే ఉంటుంది. ఆమె తండ్రి బంగ్లాదేశ్‌కు చెందినవారు. ఆ రోజుల్లో క్యాన్సర్‌తో బాధపడుతున్నారు. ప్రధాన కోచ్ ఇరీనా వీనర్ మాటలన్నీ ఆ అమ్మాయితోనే, మనతో కాదు. నువ్వు మనిషివి కాదు, క్రీడాకారిణివి అన్న అర్థంలో ఆమె తిడుతుంటే, వివరణ కోసం వచ్చిన మనం చాటుగా వింటున్నవాళ్లమవుతాం. వ్యక్తిగత కోచ్ అమీనా జరీపోవా స్వయంగా 1996 ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంతో సరిపెట్టుకున్న క్రీడాకారిణి. ఆమె ఒక క్షణం మందలిస్తుంది, మరుక్షణం దగ్గరికి తీసుకుంటుంది. ఈ రెండు గొంతుల మధ్య రీటా ముఖం దాదాపు కదలదు. ఆటకు కావలసిన శారీరక క్రమశిక్షణ ఎలాంటిదో ఏ ఉపన్యాసం కన్నా ఆ ముఖమే బాగా చెబుతుంది.

ఈ పద్ధతికి ఒక లోటు ఉంది. హూప్, బంతి, క్లబ్బులు, రిబ్బన్ అనే నాలుగు పరికరాలతో చేసే ప్రదర్శనలకు మార్కులు ఎలా వేస్తారో కొత్త ప్రేక్షకుడికి బోధపడదు. ప్రుస్ చిన్నతనంలో ఇదే ఆట నేర్చుకుంది. మనకు తెలియదన్న సంగతి మరిచిపోయిందేమో! పైగా ఇంటర్వ్యూలు లేవు కాబట్టి వీనర్‌కు తన వైపు చెప్పుకొనే అవకాశమూ దక్కలేదు. పోజర్‌కు దక్కింది. వీనర్ మనకు ఆట నేర్పాలనుకోలేదు, నేర్పలేదు కూడా. అయినా ఆమెవల్లే ఈ ఆట ఎక్కువగా అర్థమైందని నా అభిప్రాయం. రియోలో రీటా స్వర్ణం గెలిచింది. కొద్ది రోజులకే తండ్రి మరణించారు.

అభ్యాసం: వీనర్‌ను కెమెరా ముందు కూర్చోబెట్టి ప్రశ్నలు అడిగి ఉంటే ఈ చిత్రం ఏం పొందేది, ఏం పోగొట్టుకునేది? పది పంక్తుల్లో రాయండి.