ఆకాశం నుంచి రాలిన ఆకులు

'మీరు ఎక్కడి నుంచి వచ్చారు?' అని అడిగినప్పుడల్లా మేం మా ఊరి పేరే చెబుతాం. అడిగినవాళ్లకి కావాల్సింది అది కాదని మాకు తెలుసు. అరబ్బు దేశమా, తురుష్క దేశమా, పాకిస్తానా? వాళ్ల ప్రశ్న అదీ. మా ఇళ్లలో మాత్రం దీనికి ఇంకో జవాబుంది. ఆస్మాన్ నుంచి వచ్చాం.

బాలానగర్‌లో లేతు మిషన్ల షెడ్ల వెనక ఒక రేకుల గదిలో నానీమా మాకు ఈ కథ చెప్పింది. బాబా ఆదంని జన్నత్ నుంచి దించేస్తే సరందీప్ కొండ మీద పడ్డాడు. అమ్మా హవ్వా జిద్దాలో పడింది. ఒంటికి చుట్టుకున్న జన్నత్ ఆకులు ఎండిపోయి, గాలికి హిందూస్తాన్ అంతా చెదిరిపోయాయి. చందనం, అగరు, లవంగం, సబ్జా, వాసనున్న ప్రతి మొక్కా ఆ ఆకుల సంతానమే. 'సబ్జాని తొక్కకురా, మనతోపాటు దిగొచ్చింది' అనేది.

ఖురాన్‌లో ఆదం దిగిన చోటు పేరు లేదు. ఆకులతో ఒళ్లు కప్పుకున్న సంగతి ఉంది. తప్పు హవ్వా ఒక్కదానిదే అని కూడా లేదు, ఇది మా మగవాళ్లు కాస్త గుర్తుంచుకోవాలి. హింద్ అనే మాట తర్వాతి రివాయతుల్లోది. 923లో చనిపోయిన తబరీ తన చరిత్ర గ్రంథంలో వాటిని పోగుచేశాడు. 1318లో అమీర్ ఖుస్రో 'నుహ్ సిపిహ్ర్', అంటే తొమ్మిది ఆకాశాలు, రాస్తూ హిందూస్తాన్ భూలోక స్వర్గమనడానికి ఆదం ఇక్కడ దిగడాన్ని రుజువుగా చూపాడు. దక్కన్‌లో బతికి, 1786లో చనిపోయి ఖుల్దాబాద్ మట్టిలో కలిసిన ఆజాద్ బిల్‌గ్రామీ 'సుబ్‌హతుల్ మర్జాన్'లో ఇంకో అడుగు ముందుకేశాడు. ఆదం నుదుట ప్రవక్త నూర్ ఉంది గనక ఆ వెలుగు మొదట పడింది హింద్ నేల మీదే అన్నాడు. అదీ అరబ్బీలో రాశాడు!

ఇంత కథ ఉంటే తెలుగు విమర్శకి పట్టలేదు. ఇంద్రుడి నందనవనం నుంచి పారిజాతాన్ని కృష్ణుడు పెకలించి తెచ్చి సత్యభామ పెరట్లో నాటితే నంది తిమ్మన ప్రబంధం చేశాడు. మేమూ ఇష్టంగానే చదువుకున్నాం. అది సాహిత్యం. ఆదం ఆకు మాత్రం మతవిశ్వాసం! రెండూ ఆకాశం నుంచి నేలకి దిగిన మొక్కల కథలే. ఒకటి గెలుచుకొచ్చింది, రెండోది తరిమేస్తే ఒంటిమీద మిగిలింది. గెలిచినవాడి చెట్టుకి అలంకారశాస్త్రం, ఓడినవాడి ఆకుకి అనుమానం. లౌకికవాద మిత్రులకి కూడా ఇందులో తేడా కనబడదు. మా బిర్యానీని మెచ్చుకున్నంత తేలిగ్గా మా కథని కథగా చదవలేరు.

అయితే మా పెద్దల జవాబుతోనూ మాకు పేచీ ఉంది. ఖుస్రో ఖిల్జీ సుల్తాను కొలువులో మాట్లాడాడు. బిల్‌గ్రామీ సయ్యద్. దస్తావేజు చూపించి మేమే ముందొచ్చాం అనడం వాళ్లకి చెల్లింది. దూదేకుల ఇంటికి చెల్లుతుందా? మాలో చాలామంది తాతలు ఏ కొండ మీదా దిగలేదు, ఇక్కడి కులాల్లోంచి లేచి కలిమా చదివారు. ఆకాశం దస్తావేజుని ఒప్పుకుంటే వాళ్లు సొంత ఖౌమ్‌లోనే వెనక్కి పోతారు. పైగా, ముందొచ్చినవాడిదే నేల అన్న లెక్కతోనే కదా మమ్మల్ని వెళ్లగొట్టాలని చూస్తున్నది. దాన్నే తిరగేసి వాడుకుంటే తర్కం వాళ్లదే మిగులుతుంది. మిరపకాయ అమెరికా ఖండం నుంచి పోర్చుగీసుల ఓడల్లో వచ్చింది. గుంటూరులో దాని వతన్ ఏదని ఎవరూ అడగరు.

1991లో ఖాదర్ మొహియుద్దీన్ 'పుట్టుమచ్చ'తో మా కవిత్వం రుజువులు వెతకడం మాని, అడిగేవాడినే నిలదీసింది. 1998లో స్కైబాబ తెచ్చిన సంకలనం పేరు 'జల్‌జలా', అంటే భూకంపం. ఆకాశం ఊసు లేదు. ఆ మలుపు సరైందే. కానీ ఆ ఊపులో నానీమా కథని మూఢనమ్మకమని పక్కన పడేశాం. అది మా పొరపాటు. ఆ కథలో హక్కు ఖుస్రో చూసుకున్నాడు. నానీమా చెప్పింది ఎడబాటు గురించి. ఆదం ఒక దేశంలో, హవ్వా ఒక దేశంలో, అరఫాత్‌లో కలిసేదాకా వెతుకులాట. ఇవాళ మా గల్లీల్లో జిద్దా అంటే వీసా. జిద్దాలో పడేది ఇప్పుడు ఆదం, ఇక్కడ మిగిలేది హవ్వా. ఈ తిరగబడ్డ కథని మా కవులు ఇంకా సరిగ్గా రాయలేదు. జెండాల గురించి చాలా రాశాం.

ఉపగ్రహాల నుంచి దేశంలోని అడవుల్ని, పంటల్ని లెక్కగట్టే ఎన్నార్‌ఎస్సీ ఉన్నది బాలానగర్‌లోనే. నానీమా పెయింటు డబ్బాలో పెంచిన సబ్జా ఆ లెక్కకి అందేది కాదు. అద్దె పెరిగినప్పుడల్లా గది మారేది. సామాన్లు ఆటోలోకి ఎక్కించాక చివర్న ఎండిన సబ్జా కంకులు నలిపి గింజలు ఓఢ్నీ కొంగున కట్టుకునేది. హవ్వా కూడా ఇట్లాగే కొన్ని గింజలు కొంగున కట్టుకుని దిగిందని చెప్పేది. మేం చూసిన ఏ కితాబులోనూ ఆ మాట లేదు. అదే ఆమెతో అంటే, 'కితాబు రాసినోళ్లు ఎప్పుడన్నా ఇల్లు సర్దారా?' అంది.