నిగమశర్మ అక్క ముక్కర

విమర్శ అనగానే మనలో చాలామందికి హడలు. అదంతా పంతుళ్ళ గొడవ, మనకెందుకులెమ్మని పేజీ తిప్పేసి సీరియల్లోకి పోతాం. రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మగారి ‘నిగమశర్మ అక్క’ను మాత్రం అలా తిప్పెయ్యలేం సుమండీ!

తెనాలి రామకృష్ణుడి ‘పాండురంగ మాహాత్మ్యం’లో నిగమశర్మ మంచి ఇంట పుట్టి చెడుదారి పట్టినవాడు. ఆస్తి తగలేశాడు. కట్టుకున్నదాన్ని పట్టించుకోడు. తల్లిదండ్రుల వల్ల కాలేదు. అప్పుడొచ్చింది అక్క, మొగుణ్ణీ పిల్లల్నీ వెంటబెట్టుకుని. బుజ్జగించింది, మందలించింది. తమ్ముడు బుద్ధిగా తలూపి, కొన్నాళ్ళు ఇంటిపట్టున ఉండి, ఓ రాత్రి నగానట్రా మూటగట్టుకుని ఉడాయించాడు. కొత్తగా చేయించుకున్న ముక్కర పోయిందని అక్క ఏడ్చింది.

కావ్యంలో ఆవిడ పని అంతే. కవి పేరైనా పెట్టలేదు. ‘ఫలానావాడి అక్క’, అయిపోయింది! అంత పెద్ద కావ్యంలో శర్మగారు ఈ పేరులేని ఆడపడుచు దగ్గర ఆగి, వ్యాసమంతా ఆవిడకే ఇచ్చారు.

ఎవరూ ఆగని చోట ఆగడం ఆయనకు అలవాటేననిపిస్తుంది నాకు. 1893లో అనంతపురం జిల్లా రాళ్ళపల్లిలో పుట్టారు. మన చిత్తూరు కట్టమంచి రామలింగారెడ్డిగారి ప్రోత్సాహంతో మైసూరు మహారాజా కళాశాలలో తెలుగు పండితులయ్యారు. వేమనను కవుల పంక్తిలో కూర్చోబెట్టడానికి పండితులు వెనకాడే రోజుల్లో, 1928లో, వేమన మీద ఉపన్యాసాలిచ్చారు. మైసూరు ఉద్యోగం ముగిశాక మన తిరుపతి వచ్చారు. ఇక్కడ రాగిరేకుల మీద అన్నమయ్య పాటలున్నాయి. రాగం పేరుంది, పాడే వరస లేదు. సంగీతమూ బాగా వచ్చిన మనిషి గనక, నూటికి పైగా పాటలకు స్వరాలు కూర్చారు. 1974లో మద్రాసు మ్యూజిక్ అకాడమీ ‘సంగీత కళానిధి’ బిరుదిచ్చింది. 1979లో కన్నుమూశారు.

ఇంతకీ ఆ ముక్కర సంగతి. ఆ ఘట్టం చదివి నవ్వేవాళ్ళే ఎక్కువ. తమ్ముడు పోతే ముక్కరకు ఏడ్చిందేమిటి, ఎంత ఆశ అని! నాకు నవ్వు రాదు. పుట్టింటిని చక్కబెడదామని వచ్చిన మనిషి బోసిముక్కుతో మెట్టినింటికి పోవాలి. అత్తగారు అడిగితే ఏం చెప్పాలి? ‘మీ వాళ్ళ నిర్వాకం ఇదా’ అని మొగుడు ఒక్కమాటంటే ఎక్కడ తలదాచుకోవాలి? తమ్ముడికి ఏడవడానికి తల్లి ఉంది, భార్య ఉంది. ముక్కరకు ఏడవడానికి తను తప్ప ఎవరున్నారు? పుట్టింటి తగువు తీర్చబోయి చేతులు కాల్చుకున్న ఆడపడుచులకు ఇదంతా విడమరిచి చెప్పక్కర్లేదు.

ఇలాంటి ఆలోచనలు పుట్టించేదే మంచి విమర్శ. ఆ వ్యాసం ‘సారస్వతాలోకము’ అనే పుస్తకంలో ఉంది. భాష కాస్త గ్రాంథికమే, మొదటి రెండు పేజీలు ఓపిక పట్టండి. తర్వాత అక్కే చెయ్యి పట్టుకుని నడిపిస్తుంది.