చేపల వాసన లేని మత్స్యగంధి

తెలుగువాళ్ల మొదటి మూకీ చిత్రంగా చెప్పే 'భీష్మ ప్రతిజ్ఞ' ఇప్పుడు చూద్దామంటే దొరకదు. 1921లో మద్రాసులో రఘుపతి వెంకయ్య, ఆయన కొడుకు ప్రకాశ్ తీశారు. బొమ్మ లేదు గనక మేం మాట్లాడేది కెమెరా పనితనం గురించి కాదు. వాళ్లు ఏ కథ ఎంచుకున్నారు, ఆ కాలంలో తెర ఎవరికి దక్కింది అన్నదాని గురించి.

కథ ప్రేమకథే. పడవ నడిపే గుంట మీద శంతనుడు మనసుపడ్డాడు. ఆమె తండ్రి దాశరాజు ఒక్కటే అడిగాడు: నా కూతురి కొడుకే గద్దె ఎక్కాలి. ఇందులో తప్పేముంది? రాజుల ఇళ్లలో ఎప్పుడూ జరిగే బేరమే. చేపలు పట్టేవాడు అడిగేసరికి అది అత్యాశ అయింది, రాజకుమారుడు వదులుకున్నది త్యాగమయింది. సినిమా పేరు కూడా ఆ త్యాగం మీదే పెట్టారు.

ఇంకో ముక్క ఉంది. ఆ గుంట రాజు కంటబడే లోపే పరాశరుడు ఆమె ఒంటి చేపల వాసన తీసేసి పరిమళం ఇచ్చాడట! మా ఉద్దానం రేవుల్లో ఈ మాట చెబితే ఆడోళ్లు నవ్విపోతారు. చేపల గంపతో పలాసకో టెక్కలికో బస్సెక్కి, "వాసన, వెనక్కెళ్లు" అనిపించుకున్న అమ్మల్ని మేం చిన్నప్పట్నించీ చూశాం. మాది మాలపేట, వాళ్లది రేవు. వెనక్కి పొమ్మన్న నోరు మాత్రం ఒకటే.

ఆ మూకీలో గంగ వేషం పెగ్గీ కాస్టెల్లో అనే నటి వేసింది. పరువుగల ఇళ్ల ఆడవాళ్లు కెమెరా ముందుకి రాని రోజులవి. ఇంగ్లీషు పేరున్న మనిషి మన దేవతగా చెల్లింది. కొన్నేళ్లకే తిరువనంతపురంలో పి.కె. రోజీ చెల్లలేదు. ఆమె పులయ కులం పిల్ల, గడ్డి కోసుకుని బతుకుతూ కాక్కారశ్శి నాటకాలాడేది. జె.సి. డేనియల్ మూకీ 'విగతకుమారన్'లో నాయర్ స్త్రీ వేషం కట్టింది. విడుదల 1928 అనీ 1930 అనీ అంటారు. క్యాపిటల్ థియేటర్లో తెర మీద రాళ్లు పడ్డాయి. ఆమె ఊరొదిలి తమిళ ప్రాంతానికి పోయి వేరే పేరుతో బతికింది.

వెంకయ్య సాహసాన్ని మేం తక్కువ చెయ్యం. మద్రాసులో గెయిటీ థియేటర్ కట్టాడు, కొడుకుని సీమకి పంపి సినిమా నేర్పించాడు. ఆయన పేరున ప్రభుత్వ పురస్కారం కూడా వచ్చింది, రావాల్సిందే. అదే సినిమా మీద రోజీ పెట్టుకున్న ఆశని ఆశగా ఒప్పుకోడానికి మాత్రం మనకి ఇన్ని దశాబ్దాలు ఎందుకు పట్టింది?

2020లో కరుణ కుమార్ 'పలాస 1978' తీసినప్పుడు మా ప్రాంతపు దళిత కళాకారుడి కొడుకులు తెర మధ్యకొచ్చారు. సంతోషించాం. అయితే అదీ అన్నదమ్ముల కథే. గజ్జె కట్టాలని ఆశపడే మా పేట గుంటతో మొదలయ్యే బొమ్మని మేం ఇంకా చూడలేదు.